బంగారు కొండల్లో పూటకూళ్ళమ్మ

1849 వసంతం నాటికి మిస్సోరీ రాష్ట్రంలో మేసన్ విల్సన్‌కు ఉన్నదల్లా దుంగలతో కట్టుకున్న చిన్న ఇల్లు, భార్య, ఇద్దరు చిన్న మగపిల్లలు. పోతుందని భయపడడానికి ఆస్తంటూ ఏమీ లేదు. కాలిఫోర్నియాలో నేల గోకితే బంగారం రాలుతోందన్న కబురు ఆ ఇంటిదాకా చేరేసరికి మేసన్‌కు కాలు నిలవలేదు, వెంటనే బయల్దేరతానన్నాడు. వెనక ఉండిపోవడానికి భార్య లుజీనా ఒప్పుకోలేదు. ఆయన వెళ్ళగలిగిన చోటికి తానూ వెళ్ళగలదు, తాను వెళ్ళగలిగిన చోటికి పిల్లల్నీ తీసుకెళ్ళగలదు, ఇంతే ఆమె వాదన. కొద్దిరోజుల్లోనే బండి కట్టారు.

నార్త్ కరొలైనాలో క్వేకర్లనే క్రైస్తవ శాఖవారి ఇంట పుట్టిన లుజీనా స్టాన్లీ విల్సన్‌కు అప్పుడు ముప్పై ఏళ్ళ వయసు. బంగారు వేట గురించి ఉత్తరాలూ డైరీలూ రాసినవాళ్ళు వందల మంది ఉన్నారు. వాళ్ళలో ఎక్కువమంది మగవాళ్ళు, పలుగు పట్టినవాళ్ళు. లుజీనా పలుగు జోలికి పోలేదు, పొయ్యి రాజేసింది. 1881లో, జబ్బుపడి కోలుకుంటున్న కూతురు కొరీనాకు కాలక్షేపంగా ఆ రోజుల సంగతులు చెప్పుకొచ్చింది. కూతురు వాటిని రాసిపెట్టుకుంది. ముప్పై ఏళ్ళు గడిచాక చెప్పిన కథ కాబట్టి అంకెలు అక్కడక్కడ కాస్త ఉబ్బి ఉండొచ్చు. అయినా ఆ కథనానికి ఒక సుగుణం ఉంది. ప్రతి సంఘటన పక్కనా ఒక ధర కనిపిస్తుంది: ఎద్దులు ఎంతకు అమ్మారు, భోజనానికి ఎంత పుచ్చుకున్నారు, అప్పు ఏ వడ్డీకి ఇచ్చారు. కొత్త నేల మీద కాపురం నిలబెట్టుకోవడం ఎలా ఉంటుందో సాహస గాథల కంటే ఆ ధరలే నమ్మకంగా చెబుతాయి.

అసలు కబురు పుట్టింది 1848 జనవరి 24న. సియెరా నెవాడా కొండల దిగువన కొలోమా అనే చోట జాన్ సట్టర్ అనే ఆసామి కోసం రంపపు మిల్లు కడుతున్న జేమ్స్ మార్షల్‌కు నీటికాలువ అడుగున పచ్చగా మెరిసే పలుకులు దొరికాయి. తొమ్మిది రోజుల తర్వాత, ఫిబ్రవరి 2న, రెండు దేశాల యుద్ధాన్ని ముగించిన గ్వాడలూప్ హిడాల్గో సంధితో మెక్సికో కాలిఫోర్నియాను అమెరికాకు వదులుకుంది. తాము వదులుకుంటున్న కొండల్లో ఏముందో సంతకం పెట్టిన మెక్సికన్లకు తెలియదు, పుచ్చుకుంటున్న అమెరికన్లకూ తెలియదు. డిసెంబరు 5న అధ్యక్షుడు జేమ్స్ పోల్క్ కాంగ్రెస్‌కు పంపిన సందేశంలో బంగారం మాట నిజమేనని చెప్పాక తూర్పు రాష్ట్రాల్లో ఎవరినీ ఆపడం ఎవరి తరమూ కాలేదు. డబ్బున్నవాళ్ళు ఓడ ఎక్కారు. కొందరు పనామా దగ్గర అడవి దాటి, అక్కడి జ్వరాలు తట్టుకుని, ఇంకో ఓడ పట్టుకున్నారు. విల్సన్ల వంటి లోపలి రాష్ట్రాల రైతులకు ఎడ్లబండే గతి. దాదాపు 2,000 మైళ్ళ దారి.

ఎద్దు గంటకు రెండు మైళ్ళు నడుస్తుంది. రోజంతా తోలితే పదిహేను మైళ్ళు సాగితే గొప్ప. మంచు పడి సియెరా కనుమలు మూసుకుపోకముందే అవతలికి చేరాలి, లేకపోతే ప్రాణాలు దక్కవు. ప్లాట్ నది వెంబడి ఆ ఏడాది కలరా బళ్ళతోపాటే ప్రయాణం చేసింది. చెట్టన్నది లేని ఆ మైదానాల్లో వంటచెరకు దొరకదు. అక్కడ తిరిగే అడవిదున్నల ఎండు పేడే ఆధారం. మొదట్లో దాన్ని ముట్టుకోవడానికి మొహం చిట్లించిన అమెరికన్ ఆడవాళ్ళు వారం తిరిగేసరికి గౌన్ల ఒళ్ళో నింపుకుని తెచ్చేవారట. పిడకల పొయ్యి మీద అన్నం వండుకున్న ఊళ్ళవాళ్ళకు ఇందులో వింత ఏమీ కనబడదు.

లుజీనాకు దారి కంటే ఎక్కువ భయం ఇండియన్లని అప్పట్లో పిలిచిన అమెరికా మూలవాసులంటే. వాళ్ళ గుడారాలు కనబడిన మొదటి రాత్రి పిల్లల్ని పొదువుకుని తెల్లవార్లూ కూర్చుంది. ఏమీ జరగలేదు. భయం తీరక, దగ్గర్లో సాగుతున్న ఇండిపెండెన్స్ కంపెనీ అనే పెద్ద బృందంలో తమనూ చేర్చుకోమని అడిగితే, ఆడవాళ్ళూ పిల్లలూ ఉంటే ప్రయాణం సాగదని వాళ్ళు తోసిపుచ్చారు. నిజానికి ఆ దారుల్లో ఎవరు ఎవరికి భయపడాలో తర్వాత చరిత్రకారుడు జాన్ అన్రూ లెక్క తేల్చాడు: 1840 నుంచి 1860 వరకు మూలవాసుల చేతిలో చనిపోయిన వలసదారులు 362 మంది, వలసదారుల చేతిలో చనిపోయిన మూలవాసులు 426 మంది. కలరా తీసుకెళ్ళినవాళ్ళ ముందు ఈ రెండంకెలూ చిన్నవే. ఇంతకీ ఆ ఇండిపెండెన్స్ కంపెనీ మనుషులే చాలా రోజుల తర్వాత ఎడారిలో, గొంతెండిపోయి, ఈ ఆడమనిషి బండి దగ్గరికి వచ్చి నీళ్ళడిగారు. ఆమె పోసింది. ఈ సంగతి కూతురికి చెప్పేటప్పుడు ఆమె గొంతులో కొంచెం తృప్తి వినిపిస్తుంది. వినిపించడం న్యాయమే.

ఎడారి అంటే హంబోల్ట్ నది ఇసుకలో ఇంకిపోయే చోటు నుంచి కార్సన్ నది దాకా ఉన్న నలభై మైళ్ళు. 1850లో వేసిన ఒక లెక్క ప్రకారం ఆ దారి పక్కన 953 సమాధులు ఉన్నాయి, పశువుల కళేబరాలు వేలల్లో ఉన్నాయి. ఎడ్లను బతికించుకోవాలంటే బండి బరువు తగ్గించాల్సిందే. దారి పొడుగునా వలసదారులు బీరువాలూ ఇనప పొయ్యిలూ పారేసుకుంటూ వెళ్ళారు. విల్సన్ల వంతు వచ్చినప్పుడు లుజీనా మూడు పెద్ద బేకన్ ముక్కల్నీ, మాసిపోయిన ఒక పైగౌనునూ దింపి పక్కన పెట్టింది. ఆ రోజంతా అక్కడే మకాం. ఈలోగా వంటకు కొవ్వు అయిపోయిందని గుర్తొచ్చింది. మేసన్ బండి బాగుచేసుకుంటుంటే చూడకుండా బేకన్ కోసి, కాచి, కొవ్వంతా డబ్బాలో పోసుకుంది. చుట్టుపక్కల దొరికిన నురగదుంపతో పైగౌను ఉతికితే అదీ పనికొచ్చేలా కనబడింది, మడిచి లోపల పెట్టింది. మర్నాడు ఒక రోజు మేతా విశ్రాంతీ దొరికిన ఎడ్లు హుషారుగా నడుస్తుంటే, ఆ సామాను వదిలేయడం ఎంత మంచిదయిందో చూశావా అని మేసన్ దారంతా భార్యకు చెబుతూ వచ్చాడు. ఆమె కిమ్మనలేదు.

కొండలు దిగుతుండగా తెల్ల చొక్కా వేసుకున్న ఒక మనిషి ఎదురయ్యాడు. నెలల తరబడి మట్టీ చెమటా తప్ప చూడని లుజీనాకు ఆ తెలుపు చూడగానే తన వాలకం గుర్తొచ్చింది. చీలికలైన గౌను, మోచేతుల దగ్గరే తెగిపోయిన దాని చేతులు, కమిలి గట్టిపడ్డ అరచేతులు. టోపీ అంచు మొహం మీదికి లాక్కుంది. అతనికేమో ఆమె చిరుగులు పట్టలేదు. ఆ కొండల్లో ఆడమనిషిని చూడడమే అబ్బురం.

ఆ రోజుల్లోనే ఒక సాయంత్రం, శాక్రమెంటో ఇంకా ముందుండగా, ఆమె మంట మీద రొట్టెలు కాలుస్తోంది. అమెరికన్లు బిస్కెట్ అనేది డబ్బాలో దొరికే బిస్కెట్ కాదు, అప్పటికప్పుడు కాల్చుకునే మెత్తటి చిన్న రొట్టె. వాసనకు వచ్చిన గని పనివాడొకడు ఆ రొట్టెకు అయిదు డాలర్లు ఇస్తానన్నాడు. తూర్పు రాష్ట్రాల్లో కూలివాడికి రోజుకు ఒక డాలరు గిట్టే కాలం. వినపడింది నిజమో కాదో తేలక ఆమె తటపటాయించింది. చాలలేదేమో అనుకుని అతను పది డాలర్ల బంగారు కాసు చేతిలో పెట్టాడు. ఆడమనిషి చేతి రొట్టె తిని ఎన్నాళ్ళయిందో అతనికి. ఆ కాసు ఒక చిన్న పెట్టెలో దాచుకుని, గడ్డాల మగవాళ్ళు తవ్విపోస్తూ తన వాటా తనకు పెడుతున్నట్టు రాత్రంతా కలగన్నది. మర్నాడు చూస్తే పెట్టె బండిలో ఖాళీగా దొర్లుతోంది. కుదుపులకు మూత ఊడి, కాలిఫోర్నియాలో తొలి సంపాదన ఏ గతుకుల దారిలోనో పడిపోయింది.

డబ్బు పోయినా లెక్క అర్థమైంది. శాక్రమెంటో చేరిన కొద్దిరోజులకే ఎడ్లను 600 డాలర్లకు అమ్మి ఒక హోటల్లో వాటా కొన్నారు. హోటల్ అంటే గొప్పగా ఊహించుకోనక్కర్లేదు. ఒకే పొడవాటి గది, గోడల వెంబడి ఒకదానిమీద ఒకటిగా బల్లలు, ఒక మూల సారా, ఒక మూల పేకాట. జబ్బుపడి బల్ల మీద మూలుగుతున్నవాణ్ని పలకరించే నాథుడు లేడు. వంటిల్లు లుజీనాది. ఊరినిండా మగవాళ్ళే. 1850 జనగణనలో కాలిఫోర్నియా మొత్తం మీద నూటికి ఎనిమిది మంది కూడా ఆడవాళ్ళు లేరు, గనుల ప్రాంతాల్లో అంతకంటే తక్కువ. ఉతికేవాళ్ళు లేక శాన్ ఫ్రాన్సిస్కోలో కొందరు మురికి చొక్కాలు ఓడలో హవాయికి పంపేవారంటే పరిస్థితి తెలుస్తుంది. డేమ్ షర్లీ పేరుతో గనుల నుంచి ఉత్తరాలు రాసిన లూయీస్ క్లాప్, తొమ్మిది వారాల్లో బట్టలుతికి 900 డాలర్లు మిగుల్చుకున్న ఒకావిడను గని పనివాళ్ళు ఎంత గౌరవంగా తలుచుకునేవారో చెబుతుంది. వంట, ఉతుకు, కుట్టు: ఇంట్లో చేస్తే పైసా రాని పనులకు అక్కడ తూకం వేసి బంగారం ఇచ్చేవారు.

విల్సన్లు హోటల్ వాటా అమ్మి, వచ్చిన డబ్బంతా బార్లీ మీద పెట్టారు. గుర్రాలకూ కంచరగాడిదలకూ దాణా కావాలి, ధర పెరగక తప్పదు, లెక్క సరైనదే. 1850 జనవరిలో శాక్రమెంటో నది కట్టలు లేని ఊరిమీద పడింది. జనం మేడ మీదికి ఎక్కి, కింద నీళ్ళు తీసేదాకా రెండు వారాలకు పైగా అక్కడే పడున్నారు. బార్లీ నీళ్ళపాలైంది.

మళ్ళీ మొదటికి. చేతిలో చిల్లిగవ్వ లేదు. కొండల్లో డీర్ క్రీక్ దగ్గర కొత్తగా బంగారం పడిందని, తర్వాత నెవాడా సిటీ అయిన ఊరు పుట్టుకొస్తోందని తెలిసింది. అరవై మైళ్ళ బురద దారి. బండివాడు సామానుకు 700 డాలర్లు అడిగాడు. డబ్బు లేదని మానుకోవడం లుజీనా స్వభావం కాదు, బతికుంటే తీరుస్తానని మాట ఇచ్చింది. అతను నమ్మాడు. అరవై మైళ్ళకు పన్నెండు రోజులు పట్టింది.

చేరిన రోజు మేసన్ గూడు కట్టడానికి కలప కోసం అడవికి వెళ్ళాడు. లుజీనాకు ఎదురుగా ఒక గుడారం, భోజనం ఒక డాలరు అని దానికో బోర్డు కనబడ్డాయి. రెండు పలకలు కొంది. గుంజలు తానే నరికి, పాతి, పలకలు పరిచి బల్ల చేసింది. పక్క దుకాణంలో సరుకులు తెచ్చి పొయ్యి వెలిగించింది. చీకటిపడి మేసన్ తిరిగొచ్చేసరికి బల్ల చుట్టూ ఇరవై మంది గని పనివాళ్ళు తింటున్నారు. లేచేటప్పుడు ఒక్కొక్కరూ ఒక డాలరు పెట్టి, రేపటి నుంచి ఖాతా రాసుకోమన్నారు. ఆ పూటకూళ్ళ పాకకు ఆమె పెట్టిన పేరు ఎల్ డొరాడో. ఆరు వారాల్లో బండివాడి బాకీ తీరింది.

‘కన్యాశుల్కం’లోని పూటకూళ్ళమ్మకు గిరీశం లాంటి బాకీదార్లు తగిలారు. లుజీనాకు ఆ బెడద తగిలినట్టు కనబడదు. వారానికి 25 డాలర్ల చొప్పున మొదట 75 మంది, తర్వాత తర్వాత 200 మంది దాకా ఆమె దగ్గర తిన్నారు. 75 మందే అనుకున్నా వారానికి 1,875 డాలర్ల రాబడి. అందులో సరుకు ఖర్చు తక్కువేమీ కాదు, కొండల మీదికి పిండి బస్తా చేరడమే ఒక యాత్ర. అయినా పాక పోయి చెక్క భవనం లేచింది, వంటవాళ్ళూ వడ్డించేవాళ్ళూ వచ్చారు, పక్కన దుకాణం వెలిసింది. మొగుణ్ని వ్యాపారంలో భాగస్వామిగా చేర్చుకున్నానని ఆమె చెప్పుకుంది, ఆ వరసలోనే.

బ్యాంకు లేని ఊళ్ళో బంగారు రజను ఎక్కడ దాచుకోవాలి? రోజూ అన్నం పెట్టే మనిషి దగ్గరే. తోలుసంచుల్లో రజను తెచ్చి ఆమెకు అప్పగించేవారు. రాత్రి పొయ్యి ఆర్పాక పాలగిన్నెల్లో ఆ సంచులు పేర్చి ఓవెన్‌లో పెట్టి తలుపు మూసేది, మిగిలినవి పరుపు కింద. ఒకప్పుడు రెండు లక్షల డాలర్ల సొత్తు తన గదిలో కాపలా లేకుండా ఉండేదని, దొంగతనం అన్న ఆలోచనే రాలేదని అంటుంది. (ఈ రెండు లక్షల దగ్గర పాఠకుడు కాస్త తగ్గించి చదువుకుంటే తప్పులేదు.) తన డబ్బును వడ్డీకి తిప్పింది, నెలకు నూటికి పది. మనవైపు అయితే అది ధర్మవడ్డీ కాదు, అధర్మ వడ్డీయే. ఆ రోజుల కాలిఫోర్నియాలో అది మామూలు రేటు.

ఆమె గల్లా నిండుతున్న ఆ రోజుల్లోనే తవ్వేవాడి జేబు చిక్కిపోతోంది. 1848లో గని పనివాడికి సగటున రోజుకు 20 డాలర్ల బంగారం దొరికితే, 1852 నాటికి అది 6 డాలర్లకు పడిపోయిందని చరిత్రకారుల అంచనా. మొత్తం ఉత్పత్తి శిఖరాన ఉన్నది ఆ 1852లోనే, దాదాపు 8 కోట్ల 10 లక్షల డాలర్లు. పళ్ళెం పట్టిన ఒంటరివాడి రోజులు పోయి, కాలువలూ పెట్టుబడులూ ఉన్న కంపెనీల రోజులు వచ్చాయి. పక్కవాడి వాటా తగ్గించాలన్న ఆత్రం చట్టాల్లోకీ ఎక్కింది. 1850లో విదేశీ గని పనివాళ్ళ మీద నెలకు 20 డాలర్ల పన్ను వేశారు. మెక్సికన్లూ చిలీవాళ్ళూ వేలమంది గనులు వదిలిపోయారు. అన్నిటికీ మొదటి పలుకు చూసిన జేమ్స్ మార్షల్ 1885లో పేదవాడిగానే పోయాడు.

1851 మార్చిలో ఒక రాత్రి నెవాడా సిటీ తగలబడింది. ఎండిన పైన్ చెక్కతో ఒకదానికొకటి ఆనించి కట్టిన ఊరు, ఆర్పే వ్యవధి ఇవ్వలేదు. హోటల్, దుకాణం, సరుకు, అన్నీ కలిపి ఇరవై వేల డాలర్ల దాకా బూడిదైంది. మేసన్ జేబులో ఉండిపోయిన 500 డాలర్లు మాత్రం మిగిలాయి.

వరదకు ఒకసారి, మంటకు ఒకసారి. బంగారు వేటలో ఆస్తి పోవడం విడ్డూరం కాదు, శాన్ ఫ్రాన్సిస్కో ఊరే ఏడాదిన్నరలో ఆరు సార్లు కాలింది. విడ్డూరమల్లా ఆ తర్వాత వీళ్ళు ఎంచుకున్న దారి. ఇంకో గని, ఇంకో కొండ అనలేదు. శాక్రమెంటోకూ శాన్ ఫ్రాన్సిస్కోకూ మధ్య ఉన్న వాకా లోయలో గుర్రం మెడదాకా అడవి ఓట్ల గడ్డి పెరిగి ఉంది. శాన్ ఫ్రాన్సిస్కోలో ఎండుగడ్డి టన్ను 150 డాలర్లు పలుకుతోంది. మేసన్ కొడవలి పట్టాడు. లుజీనా ఓక్ చెట్టు కింద పొయ్యి పెట్టి, బండి నుంచి ఊడదీసిన పలక మీద బొగ్గుతో విల్సన్స్ హోటల్ అని రాసి తగిలించింది. కూర్చోవడానికి దుంగలు. రాత్రి ఆగే బాటసారులకు పడకగది గడ్డివాము చాటున.

ఆ లోయ ఎవరిదీ కానిది కాదు. 1841లో న్యూ మెక్సికో నుంచి వచ్చిన హువాన్ మాన్యుయెల్ వాకా, హువాన్ ఫెలిపె పెన్యా కుటుంబాలకు మెక్సికో ప్రభుత్వం ఇచ్చిన రాంచో (కమతం) అది, 44 వేల ఎకరాల పైచిలుకు. అంతకుముందు తరతరాలుగా అక్కడున్నవాళ్ళు పట్విన్ మూలవాసులు. 1850లో వాకా తొమ్మిది చదరపు మైళ్ళు 3,000 డాలర్లకు విలియం మెక్‌డేనియల్ అనే అమెరికన్‌కు అమ్మాడు, ఊరు వేస్తే తన పేరు పెట్టాలన్న షరతుతో. అదే నేటి వాకావిల్. మరుసటి ఏడాది వచ్చిన భూ చట్టం, మెక్సికన్ పట్టాదారులే తమ హక్కును కమిషన్ ముందు రుజువు చేసుకోవాలంది. కేసులు సగటున పదిహేడేళ్ళు సాగాయి. గెలిచినవాళ్ళలోనూ చాలామందికి భూమి మిగల్లేదు, వకీళ్ళకు మిగిలింది.

వాకాలు కొత్త పొరుగువాళ్ళను విందుకు పిలిచారు. మిరపకాయల ఘాటుతో పొగలు కక్కే కూరలు, టోర్టియాల దొంతరలు, గ్యాలన్ల కొద్దీ విస్కీ, తెల్లవార్లూ నాట్యం. లుజీనాకు ఆ రాత్రి బాగా గుర్తుంది, ఇష్టంగానే వర్ణిస్తుంది. అయితే ఆ ఇష్టంలో పైనుంచి చూసే చూపు కూడా ఉంది. ఆతిథ్యం ఇచ్చిన కుటుంబాల చేతుల్లోంచి నేల జారిపోవడం గురించి ఆమెకు పెద్దగా పట్టింపు లేదు. మూలవాసుల విషయంలో మరీనూ. 1848లో కాలిఫోర్నియాలో లక్షన్నర దాకా ఉన్న మూలవాసులు 1870 నాటికి 30 వేల దాకా తగ్గిపోయారు. రోగాలు కొంత, ఆకలి కొంత, తుపాకులు కొంత. వాళ్ళ పిల్లల్ని బలవంతపు చాకిరీకి కట్టేసుకోవడానికి 1850 చట్టం వీలిచ్చింది. ఎడ్లబండిలో పిల్లల్ని పొదువుకుని భయపడ్డ తల్లి కథ చదువుతున్నప్పుడు ఈ అంకెను పక్కన పెట్టుకోకపోతే కథ సగమే తెలుస్తుంది.

విల్సన్లు వదిలొచ్చిన కొండల సంగతీ చెప్పుకోవాలి. 1853లో నెవాడా సిటీ దగ్గరే ఎడ్వర్డ్ మాటిసన్ గొట్టంతో నీళ్ళు చిమ్మి కొండను కోసే పద్ధతి మొదలుపెట్టాడు. కరిగిన కొండంతా నదుల్లో మేటవేసి, దిగువ లోయల పొలాలను బురదలో ముంచింది. రైతులు కోర్టుకెక్కారు. 1884లో జడ్జి లొరెంజో సాయర్ ఆ మట్టిని నదుల్లోకి వదలడం ఆపించాడు. గనివాడి మీద రైతు గెలవడానికి ముప్పై ఏళ్ళు పట్టింది.

వాకా లోయలో విల్సన్లకు పొలం వచ్చింది, బొగ్గు బోర్డు పోయి అసలైన హోటల్ వచ్చింది, ఇంకో కొడుకూ ఒక కూతురూ పుట్టారు. 1872లో మేసన్ ఇల్లు విడిచి టెక్సస్ వెళ్ళిపోయాడు, మళ్ళీ రాలేదు. తొమ్మిదేళ్ళ తర్వాత కూతురికి చెప్పిన కథలో లుజీనా ఈ మాట ఎత్తలేదు. అందులో మేసన్ ఎప్పుడూ కలప కొట్టడానికో గడ్డి కోయడానికో వెళ్ళి సాయంత్రానికి తిరిగొచ్చేవాడే. లుజీనా 1902లో శాన్ ఫ్రాన్సిస్కోలో కన్నుమూసింది. కొరీనా రాసిపెట్టుకున్న కాగితాలను ఓక్లండ్‌లోని మిల్స్ కాలేజీ వారి యూకలిప్టస్ ప్రెస్ 1937లో చిన్న పుస్తకంగా అచ్చువేసింది. కథ వాకా లోయలో కాపురం కుదిరిన తొలి ఏళ్ళ దగ్గరే ఆగిపోతుంది.